చిన్నాయన చెప్పిన బ్రూము కత

గుండీ ముత్యపు చిప్పతో చేసిందో కాదో తెలియాలంటే దాన్ని చెంపకు ఆనించి చూడాలి. చల్లగా తగిలితే చిప్ప, లేదంటే ప్లాస్టిక్. ఈ విద్య నాకు మా అత్త నేర్పింది. ఆమె కళ్లు మూసుకుని గుండీల డబ్బాలో చెయ్యి పెట్టి, ఒక్కోటీ తీసి చెంపకు తాకించి, "చిప్ప... ఉత్తది... ఉత్తది... చిప్ప" అంటూ రెండు కుప్పలు పోసేది. నేను కావాలని గుండీలను నీళ్లలో తడిపి పెట్టినా మోసపోయేది కాదు.

తిరుపతిలో గోవిందరాజస్వామి గుడికి దగ్గర్లో, తీర్థకట్ట వీధి వైపు పోయే ఒక సందులో మా టైలర్ షాపు. షాపంటే పెద్దగా ఊహించుకోవద్దు. ముందు గది షాపు, వెనక గది ఇల్లు, మధ్యలో గళ్ల గుడ్డ కర్టెన్. ముందు గదిలో రెండు మిషన్లు, ఒకటి నాయనది, ఒకటి చిన్నాయనది. కటింగ్ బల్ల కింద పిల్లలం. కర్టెన్ వెనక అత్త. నాయనకు చెల్లెలు, చిన్నాయనకు అక్క. కాజాలు తియ్యడం, హుక్కులు కుట్టడం, పట్టీలు మడిచి చేతికుట్టు వెయ్యడం ఆమె పని. ఊళ్లో కాజాలు తీసేవాళ్లు చాలామంది ఉన్నా, అత్త తీసిన కాజా చొక్కా చిరిగిపోయినా చిరిగేది కాదని నాయన గొప్పగా చెప్పుకునేవాడు.

అత్తకు ఇరవై రెండో ఏట మామ పోయినాడు. పిల్లలు లేరు. పుట్టింటికి వచ్చేసింది. నాకు ఊహ తెలిసేసరికి ఆమె కర్టెన్ వెనక మనిషి. పెళ్లి గుడ్డలు కుట్టించుకునే వాళ్లు షాపు మెట్టెక్కిన చప్పుడు వినపడితే చాలు, తనే లేచి ఇంకో రెండు అడుగులు లోపలికి జరిగి కూచునేది. ఎవరూ ఆమెకు నోరు తెరిచి చెప్పింది లేదు. పెళ్లికొడుకు చొక్కాకు కాజాలు, పెళ్లికూతురు రవికకు హుక్కులు ఆ చేతులతోనే పడేవి. మనిషి మాత్రం ఎదురు రాకూడదు. ఇందులో ఏదో తిరకాసు ఉందని నాకు చాలా ఏళ్లు తోచలేదు. ఇంట్లో గడప ఎక్కడుందో, కర్టెన్ ఎక్కడుందో, అత్త అక్కడ ఉంది, అంతే.

ఇక చిన్నాయన. పి.యు.సి. తప్పినాడు. తప్పింది లెక్కల్లోనే, ఇంగ్లీషులో కాదని ఆయన జీవితాంతం చెప్పుకున్నాడు. పొట్లం కట్టి వచ్చిన ఇంగ్లీషు పేపరు ముక్కనైనా చదవకుండా పారేసేవాడు కాదు. రెండు మూడు నెలలకోసారి లైనింగు గుడ్డ, దారం ఉండలు, గుండీల అట్టలు తేవడానికి మెడ్రాసు పోయేవాడు. సెంట్రల్ స్టేషన్ పక్కనే మూర్ మార్కెట్. సరుకు కొని, తిరుగు బండికి ఉన్న టైములో అక్కడి పాత పుస్తకాల అంగళ్లలో తిరిగేవాడు. ఒకసారి నాయన ఇచ్చిన డబ్బులో ముప్పావలాకు లెక్క కుదరలేదు. 1975 ఎండాకాలం అది. ఆ ముప్పావలా ఒక ఇంగ్లీషు డిటెక్టివ్ నవల.

వచ్చిన రాత్రే దానికి అట్ట వేసేశాడు. చొక్కా కొలతలకు ప్యాటర్నులు కత్తిరించే ఖాకీ కాగితం ఉంటుంది కదా, దాంతో. మూలలు మడిచి, లోపల మైదా జిగురు పెట్టి, ఇక ఊడరాకుండా. పైన నీలం పెన్సిలుతో "బ్రూము" అని తెలుగులో రాశాడు. పుస్తకాలంటే ఆయనకు అంత భక్తి అనుకున్నాం.

మరుసటి సాయంత్రం నుంచి కత మొదలు. దీపాలు పెట్టే వేళకు గిరాకీ తగ్గేది. చిన్నాయన పుస్తకాన్ని మిషను మీద దారం రీలుకు ఆనించి తెరిచి పెట్టుకునేవాడు. ఒక అరపేజీ మనసులో చదువుకునేవాడు. పెదవులు కదిలేవి. తర్వాత తొక్కుడు మొదలుపెట్టి, మిషను చప్పుడు మీద నుంచి గొంతు పెంచి తెలుగులో చెప్పేవాడు. కత మామూలుగా నడిచేటప్పుడు మిషను మామూలుగా నడిచేది. ఎవరో చీకట్లో నడిచి వస్తున్నారంటే మెల్లగా, ఒక్కో కుట్టూ లెక్కపెట్టుకునేట్టు. తలుపు తెరుచుకుందంటే మిషను టక్కున ఆగిపోయేది. మేము బల్ల కింద ఊపిరి బిగబట్టుకుని ఉంటే, ఆయన తాపీగా కత్తెర తీసుకుని దారం తెంపేవాడు. దారం తెంపితే ఆ రోజుకు కత అయిపోయినట్టు. మళ్లీ అడగడానికి లేదు.

ఆ ఊరి పేరు బ్రూమ్. ఆస్ట్రేలియాకు వాయువ్య మూల సముద్రపు ఒడ్డున ఉండాదని చిన్నాయన చెప్పాడు. ఆ రాష్ట్రానికి రాజధాని పెర్త్ అని, అక్కడికి పోవాలంటే రెండు వేల కిలోమీటర్లకు పైనే అని. మాకు పెద్ద దూరమంటే మెడ్రాసు. సముద్రం చూసింది ఇంట్లో చిన్నాయన ఒక్కడే, అది కూడా మెరీనాలో ఒక సాయంత్రం. అయినా మాకు సముద్రాన్ని చూపించాల్సిన బాధ్యత ఆయన మీద పడింది.

"అక్కడ పోటు వస్తే నీళ్లు మూడంతస్తుల మేడంత లేస్తాయి. తగ్గితే మైళ్లకు మైళ్లు వట్టి బురద. ఓడలన్నీ ఆ బురదలో పక్కకు ఒరిగి పడుకోనుంటాయి, గేదెల మాదిరి. రోజుకు రెండు తూర్లు ఇదే వరస."

"రోజుకు రెండు తూర్లా?" అని మా జేజి, అంటే నాయనమ్మ, నమ్మలేదు. "మన స్వర్ణముఖిలో ఏడాదికి ఒకతూరి నీళ్లొస్తే గొప్ప."

ఆ ఊరు బతికేది ముత్యపు చిప్పల మీద. ముత్యం దొరికితే అది అదృష్టం. అసలు వ్యాపారం మాత్రం చిప్పదే. భోజనం పళ్లెమంత చిప్పలు. రాగి టోపీ తలకు బిగించుకుని, సీసపు అడుగుల బూట్లు తొడుక్కుని, సముద్రం అడుగుకు దిగి ఏరుకొచ్చేవాళ్లు. చాలామంది జపాను వాళ్లు, మలయా వాళ్లు. ఆ చిప్పల్ని పెట్టెలకెత్తి దేశదేశాలకు పంపితే, వాటిలోంచి గుండ్రంగా బిళ్లలు కోసి, బొక్కలు పొడిచి...

ఇక్కడ చిన్నాయన చెప్పడం ఆపి, పై అరలోంచి ఒక రేకు డబ్బా దింపాడు. మా తాత కాలం నాటిది. అందులో మిగిలిన పాత స్టాకు చిప్ప గుండీలు. ప్లాస్టిక్ వచ్చినాక వాటిని అడిగేవాళ్లు లేరు. పట్టు జుబ్బా కుట్టించుకునే పెద్దమనిషి ఎవరైనా వస్తేనే ఆ డబ్బా తెరుచుకునేది. చిన్నాయన ఒక గుండీ తీసి లాంతరుకు ఎదురుగా పెట్టి తిప్పాడు. లేత గులాబీ, ఆకుపచ్చ మెరిసి మాయమైనాయి.

"ఇవి ఆడివే" అన్నాడు.

ఆ గుండీలు బ్రూమ్ చిప్పతోనే చేసినవని ఎవరూ నిరూపించలేరు. చిప్ప మన్నార్ దగ్గరిదీ కావచ్చు, ఇంకెక్కడిదైనా కావచ్చు. కానీ ఆ రోజు నుంచి మాకు అనుమానమే లేదు. హత్య జరిగిన ఊరి సరుకు మా అరలో ఉంది! నేను ఆ రాత్రి ఒక గుండీ దొంగిలించి దిండు కింద పెట్టుకున్నాను. చెంపకు చల్లగా తగులుతూనే ఉండింది.

కతలో ఊళ్లోకి ఒక కొత్త మనిషి వస్తాడు. అసలు పేరు చెప్పడు. పోలీసు అని ఊరికి తెలీదు. ఆయనే డిటెక్టివ్. పేరు నెపోలియన్ బోనపార్ట్, అందరూ పిలిచేది బోనీ. చిన్నాయన నోట్లో రెండో రోజుకే బోనప్ప అయిపోయాడు. జేజి అయితే, "ఏ ఊరి బోనప్ప, పుంగనూరా?" అని కూడా అడిగింది. తల్లి ఆ దేశపు ఆదివాసీ, తండ్రి తెల్లవాడు. నేల మీద అడుగుజాడ చూసి మనిషి ఎత్తు, బరువు, మనసులో బెదురు కూడా చెప్పగలడు. "మన కొండల్లో తేనెకు పోయే యానాదోళ్ల మాదిరి" అని చిన్నాయన వివరణ. బోనప్ప వచ్చేసరికే ఊళ్లో రెండు హత్యలు అయ్యున్నాయి. ఇద్దరూ ఆడవాళ్లు. గొంతు నులిమి చంపేశారు. ఆయన వచ్చినాక మూడోది.

"ఆడోళ్లనే ఎందుకు చంపతాండాడు?" అని మా అన్న అడిగాడు.

"వాడికి పిచ్చి" అని చిన్నాయన తొక్కుడు వేగం పెంచాడు.

"పిచ్చోడైతే ఎవుర్నైనా చంపాల గదా. వాళ్లనే ఎందుకు?"

చిన్నాయన దారం తెంపేశాడు. ఆ రోజు మామూలు కంటే చాలా ముందే. నాకు బాగా గుర్తు, కుడుతున్నది ఒక ఫుల్ చేతుల చొక్కా, చెయ్యి సగమే అయ్యింది.

కర్టెన్ వెనక నుంచి సూది చప్పుడు వినపడదు. కానీ అత్త వింటోందని అందరికీ తెలుసు. కతలో కాస్త నవ్వొచ్చే చోట లోపల్నుంచి చిన్న నవ్వు వినపడేది. ఊరి గుట్లన్నీ తెలిసిన ఒక తాగుబోతు పెద్దాయన ఉన్నాడు ఆ నవల్లో. ఆయన వచ్చినప్పుడల్లా చిన్నాయన మా సందు చివర తిరిగే ఒక పెద్దమనిషి గొంతు పెట్టేవాడు. అత్త చీర కొంగు నోట్లో కుక్కుకుని నవ్వేది. ఆ నవ్వు కోసమే ఆయన ఆ పాత్రను పెంచాడని ఇప్పుడు అనిపిస్తోంది.

కత సగంలో ఉండగా గంగమ్మ జాతర వచ్చింది. మే నెల. తాతయ్యగుంట గంగమ్మ జాతరంటే తిరుపతిలో పుట్టినవాళ్లకు చెప్పాల్సిన పని లేదు. చాటింపు వేసినాక వారం రోజులు ఊరంతా వేషాలే. ఒళ్లంతా నామపు సుద్ద పూసుకున్న బైరాగులు, నోటికొచ్చిన బూతు తిట్టే బండ వేషం వాళ్లు, చీర కట్టి పూలు పెట్టుకున్న మీసాల మొగవాళ్లు. మిషన్లకు వారం సెలవు. బ్రూము కత కూడా ఆగిపోతుందేమోనని మాకు టెన్షన్. చిన్నాయన ఆపలేదు. మమ్మల్ని గుడి దగ్గరికి తీసుకుపోతూ దారిలో రెండు కతల్నీ కలిపేశాడు.

"పాలెగాడు ఏం చేసినాడు? ఊళ్లో ఆడోళ్లను బతకనీలేదు. గంగమ్మ చెయ్యి పట్టుకోబోయినాడు. ఆమె నిజరూపం చూసి భయపడి యాడనో దాక్కున్నాడు. వాణ్ణి బయటికి రప్పించడానికి అమ్మ ఏం చేసింది? వేషాలేసింది. రోజుకొక వేషం. వాడు ఒక్కదాంట్లో కూడా గుర్తుపట్టలా. కడకు దొర వేషంలో పోతే, ఎవురో దొర వచ్చినాడని బయటికొచ్చినాడు. అంతే, తల తెగింది. బోనప్ప చేసేది కూడా ఇదే గదరా!"

నాకు ఆ క్షణాన బోనప్ప, గంగమ్మ ఒకటైపోయారు. ఇప్పటికీ పూర్తిగా విడిపోలేదు.

ఆ రాత్రి ఇంటికొచ్చి అత్తకు ఇదంతా ఊపిరాడకుండా చెప్పాను. ఆమె విని, "తల తెగినాక కత అయిపోయిందా?" అని అడిగింది. అయిపోయింది గదా అన్నాను. "లేదు. దొర వేషం అయినాక మాతంగి వేషం ఉండాది. పాలెగాడి పెండ్లాం ఏడస్తా ఉంటే అమ్మ మాతంగిగా పోయి ఓదార్చింది. మీ చిన్నాయన అది చెప్పలేదా?"

చెప్పలేదు.

"వాడు అట్లాంటివి చెప్పడులే" అని అత్త పళ్లతో దారం తెంపింది.

కత జూన్‌లో బడి తెరిచేలోపు ముగిసింది. చివరి రోజు సందులోని పిల్లలందరూ వచ్చారు. ఎదురు ఇస్త్రీ బండాయన కూడా బొగ్గులు ఆర్పేసి వచ్చి మెట్టు మీద కూచున్నాడు. హంతకుడెవరో బయటపడ్డప్పుడు మా అన్న బల్లకు తల కొట్టుకున్నాడు. కోపంతో కాదు, ఆశ్చర్యంతో లేవబోయి. ఎవరో నేను చెప్పను. నవల వచ్చి 70 ఏళ్లు దాటినా ఆ మర్యాద ఉంటుంది కదా.

తర్వాత సంగతులు తొందరగా చెప్పేస్తాను. 1985లో మూర్ మార్కెట్ కాలిపోయింది. ఆ వార్త చదివిన రోజు చిన్నాయన మిషను మీద కూచోలేదు. రెడీమేడ్ చొక్కాలు వచ్చాయి. కాజాలకు వేరే మిషన్లు వచ్చాయి. నాయన పోయినాక చిన్నాయన ఒక్కడే కొన్నాళ్లు నడిపి, ఆల్టరేషన్ల దాకా దిగి, చివరికి మూసేశాడు. 2003లో ఆయనా పోయినాడు. షాపు సామాన్లు తీసేటప్పుడు గుండీల రేకు డబ్బా అడుగున ఖాకీ అట్ట పుస్తకం దొరికింది. "బ్రూము" అన్న నీలం అక్షరాలు కాస్త వెలిసిపోయాయి.

అప్పటికి నేను ఇంగ్లీషు చదవగలిగిన మనిషినే. ఇంటికి తెచ్చుకుని, చదివే ముందు పాత అట్ట మార్చుదామని తడిగుడ్డతో జిగురు నానబెట్టి మెల్లగా లాగాను. లోపల అసలు అట్ట చెక్కుచెదరకుండా ఉంది. దాని మీద పేరు ఉంది. ద విడోస్ ఆఫ్ బ్రూమ్. ఆర్థర్ అప్‌ఫీల్డ్, 1950.

బ్రూమ్ విధవలు.

చాలాసేపు ఆ అట్టను పట్టుకుని కూచున్నాను. ఖాకీ కాగితాన్ని లోపలి నుంచి జిగురు పెట్టి మరీ ఎందుకు అంటించాడో ఇరవై ఎనిమిదేళ్లకు తెలిసింది. మా అన్న అడిగిన ప్రశ్నకు జవాబు మొదటి అట్ట మీదే ఉంది. చచ్చిపోయిన ముగ్గురూ మొగుడు పోయినవాళ్లు. వాళ్లను చంపడానికి అదే కారణం. లోపల పేజీల అంచుల్లో చిన్నాయన పెన్సిల్ రాతలు, కష్టమైన మాటలకు తెలుగు అర్థాలు. లగ్గర్ అన్నచోట "చిప్పల పడవ". టైడ్ అన్నచోట "పోటు". విడో అన్న మాట మొదటిసారి వచ్చినచోట అర్థం రాయలేదు. అంచులో ఒకటే మాట: "వద్దు".

ఆ వారం అంతా నవల చదివాను. నిజం చెప్పాలంటే చిన్నాయన చెప్పినంత బాగా లేదు. మొదట్లో నత్తనడక. మాటలు ఎక్కువ. బోనీకి తన తెలివి మీద తనకే ముచ్చట, ఇంతవరకూ ఏ కేసులోనూ ఓడిపోలేదని చెప్పుకోవడం ఎక్కువ. ఆదివాసీల గురించి వాడిన మాటలు కొన్నిచోట్ల ఇప్పుడు చదువుతుంటే ఒళ్లు చిరచిరలాడుతుంది. రాసింది ఇంగ్లండులో పుట్టి ఆస్ట్రేలియాకు వలసపోయిన తెల్లవాడు కదా. అయితే ఊరిని మాత్రం భలే పట్టుకున్నాడు. ఎండ, ఎర్ర దుమ్ము, పోటు మీదే ఆధారపడ్డ రోజు, అందరికీ అందరూ తెలిసిన చిన్న ఊళ్లో ఒకరినొకరు అనుమానంగా చూసుకోవడం. అక్కడ చిన్నాయన ఒక్క మాట కూడా కలిపి ఉండనక్కర్లేదు.

కలిపాడు మాత్రం. నాకు ఆ కతలో అన్నిటికంటే ఇష్టమైన మనిషి ఒక దర్జీ తాత. చిరిగిన గుడ్డ పోగు చూసి, ఇది కత్తెరతో కోసింది కాదు, చేత్తో చించింది, చించినవాడిది ఎడమచేతి వాటం అని బోనప్పకు చెబుతాడు. ఆయన కోసం పుస్తకం రెండుసార్లు తిరగేశాను. ఏ పేజీలోనూ దొరకలేదు. ఆయన కుర్చీ మా షాపులోనే ఉండేదన్నమాట.

ఆ తర్వాత ఇంటర్నెట్‌లో బ్రూమ్ గురించి దొరికిందల్లా చదవడం ఒక పిచ్చి అయిపోయింది. 20వ శతాబ్దం మొదట్లో ప్రపంచానికి కావలసిన ముత్యపు చిప్పలో ఎక్కువ భాగం ఆ ఒక్క ఊరి నుంచే వచ్చేదట. వందల కొద్దీ పడవలు. అంతకుముందు ఆదివాసీలను, ఆడవాళ్లను కూడా, బలవంతంగా పడవలెక్కించి టోపీలూ గొట్టాలూ లేకుండానే ముంచేవాళ్లట. తర్వాత వచ్చిన జపాను డైవర్లు లోతు నుంచి తొందరగా పైకి రావడం వల్ల రక్తంలో నైట్రజన్ బుడగలు ఏర్పడి చచ్చిపోయేవాళ్లు. అక్కడి జపాను శ్మశానంలో 900 మందికి పైగా ఉన్నారు. గుండీని చెంపకు ఆనించుకుని పడుకున్న పిల్లకు ఇదంతా ఎవరు చెబుతారు?

1942 మార్చి 3న జపాను విమానాలు ఆ ఊరి మీద దాడి చేశాయి. ఒడ్డు దగ్గర నిలిపి ఉన్న, నీళ్ల మీద దిగే విమానాలు మునిగిపోయాయి. సముద్రం బాగా వెనక్కి పోయినప్పుడు వాటి శిథిలాలు ఇప్పటికీ బురదలో బయటపడతాయి. అదే ఏడు ఏప్రిల్‌లో మన విశాఖ, కాకినాడల మీదా బాంబులు పడ్డాయి. మెడ్రాసు జనం మూటలు కట్టుకుని మన వైపు ఊళ్లకు వచ్చేశారని జేజి చెబుతుండేది. జేజికి ఈ సంగతి తెలిసి ఉంటే, బ్రూమ్ వాళ్లను బంధువుల్లో కలిపేసుకునేది.

ఆ ఊళ్లో 1916లో తెరిచిన సినిమా హాలు ఒకటి ఇంకా నడుస్తోంది. ఆరుబయట హాలు, వరసగా వాలు కుర్చీలు. ఒకప్పుడు పోటు ఎక్కువైతే నీళ్లు కుర్చీల కిందికి వచ్చేసేవట, జనం కాళ్లు పైకి పెట్టుకుని సినిమా చూసేవాళ్లట. అప్పట్లో తెల్లవాళ్లు ఒక చోట, మిగతావాళ్లు ఇంకో చోట కూచోవాలి. ఇది చదివినప్పుడు నాకు గుర్తొచ్చింది మన టూరింగ్ టాకీస్ కాదు, గళ్ల కర్టెన్.

చిప్ప వ్యాపారాన్ని చంపింది ఎవరో తెలుసుకోవడానికి బోనప్ప అక్కర్లేదు. 1950ల్లో ప్లాస్టిక్ గుండీ వచ్చి ఒక్క దెబ్బకు చంపేసింది. నవల వచ్చినప్పటికే ఆ ఊరి కాలం దగ్గర పడింది. ఆ తర్వాత వాళ్లు ముత్యాల పెంపకంలోకి దిగి మళ్లీ నిలదొక్కుకున్నారు. మా సందులో మాకు అట్లాంటి రెండో అవకాశం దొరకలేదు.

అత్త అప్పుడు మా ఇంట్లోనే ఉండేది. అరవై దాటింది. చూపు తగ్గి సూది పట్టడం మానేసినా, నా రవికల హుక్కులు వేళ్లతో తడిమి ఎవరు కుట్టారని వంకలు పెట్టడం మానలేదు. పుస్తకం చదవడం పూర్తయిన రోజు మధ్యాహ్నం ఆమె పక్కన కూచున్నాను. చెప్పాలా వద్దా అని రెండు రోజులుగా కొట్టుమిట్టాడుతున్నాను. ఆయన అంత జాగ్రత్తగా దాచింది నేను బయట పెట్టడం ఏమిటని ఒకవైపు. ఆయనకు అక్క మీద ఎంత ప్రేముండేదో ఆమెకు తెలియాలి కదా అని ఇంకోవైపు.

"అత్తా, చిన్నాయన బ్రూము కత గుర్తుందా?"

"బోనప్ప కతా? ఎందుకు గుర్తుండదు."

"దాంట్లో చచ్చిపోయిన ఆడోళ్లు..."

"మొగుళ్లు లేనోళ్లు. ముగ్గురూ" అనింది అత్త.

నాకు నోట మాట రాలేదు. చిన్నాయన చెప్పాడా అని అడిగాను.

"వాడు చెప్తాడా? చచ్చినా చెప్పడు."

"మరెట్ల తెలిసింది నీకు?"

అత్త నా వైపు, బడిలో లెక్క రాని పిల్లను చూసినట్టు చూసింది.

"యాడన్నా పెండ్లాం హత్యైతే పోలీసోళ్లు ఫస్టు ఎవుర్ని పట్టకపోతారే? మొగుణ్ణి. వాని కతలో మూడు హత్యలు జరిగినాయి. ఒక్క మొగుణ్ణన్నా పిలిపించి అడిగినారా? శవం కాడ ఒక్క మొగోడన్నా కూచోని ఏడ్చినాడా? బోనప్ప ఊళ్లో ఉండే తాగుబోతుల్ని కూడా వదలకుండా అడిగినాడు. మొగుళ్లను మాత్రం అడగలా. అంటే వాళ్లకు మొగుళ్లు లేరు. మీరంతా బల్ల కింద కూచోని నోరు తెరుచుకోని విన్నారు, ఎవుడికీ తోచలా."

"మరి అప్పుడే ఎందుకు అడగలేదు ఆయన్ని?"

"వాడు అంత కష్టపడి దాస్తా ఉంటే నేను అడిగేదేంది. ఆ పొద్దు మీ అన్న 'వాళ్లనే ఎందుకు' అని గుచ్చి గుచ్చి అడిగినప్పుడు సగం చెయ్యి కుట్టి దారం తెంపినాడు చూడు, నాకు పాపమనిపించింది. మర్నాడు ఆ చొక్కా మళ్లీ విప్పి కుట్టుకోవాల్సొచ్చింది వాడికి."

అట్ట ఊడదీసిన పుస్తకాన్ని ఆమె చేతిలో పెట్టాను. అక్షరాలు కనపడకపోయినా అట్ట మీద బొటనవేలితో రాసి చూసింది. ఖాకీ కాగితం ఏదని అడిగింది. తెచ్చి ఇచ్చాను. దాన్ని మడతల ప్రకారం మళ్లీ మడిచి పక్కన పెట్టుకుంది.

"ఇప్పుడు నువ్వు చదివి చెప్పు, మొదట్నుంచి" అనింది. "వాని మాదిరి ఏదీ మింగొద్దు."

మొదటి పేజీ తెరిచాను. పేరు దగ్గరే ఆగిపోయాను. ఇంగ్లీషులో ఎంత సులువుగా చదివానో, తెలుగులోకి వచ్చేసరికి ఆమె ముఖం చూస్తూ ఆ మాట నోట్లోంచి రాలేదు. బ్రూమ్ లోని... బ్రూమ్ ఊరి... అని నాన్చుతున్నాను.

"మొగుడు చచ్చినోళ్లు అనడానికి ఇంత నసుగుతావేమే" అనింది అత్త, గోడకు ఆనుకుని కాళ్లు చాపుకుంటూ. "చదువు."